గంగరాజు కుడికాలు

గంగరాజు చెట్టు మీంచి పడలేదు. ఆ మాట అతను చాలామందికి చెప్పాల్సి వచ్చింది. అంబాజీపేట చుట్టుపక్కల ఊళ్ళలో కొబ్బరిచెట్టు మీంచి పడినవాళ్ళున్నారు. నడుం విరిగి మంచానికి అంటుకుపోయినవాళ్ళున్నారు, అసలు లేకుండా పోయినవాళ్ళూ ఉన్నారు. తనది అలాంటిది కాదు. జారాడంతే.

ఆగస్టు నెల. రెండు రోజులు ముసురు పట్టి ఆ పొద్దున్నే తెరిపిచ్చింది. రాజేంద్రప్రసాద్ గారి తోటలో దింపు. కాయ దింపడం గంగరాజుకి ముప్పై ఏళ్ళ నాటి పని. పదహారో ఏట తండ్రి వెంట వెళ్ళి మొదటి చెట్టెక్కాడు, ఇప్పుడు నలభై ఆరు. ఆ పూట ఇరవై ఎనిమిదో చెట్టు దిగుతున్నాడు. మానుకి ఒకవైపు పాకుడు పట్టి ఉంది. ఒక్కో కాలూ కదిపేంత వదులుగా రెండు పాదాలకీ తగిలించుకునే తాడు ఎడమ పాదం నుంచి ఊడిపోయింది. కుడికాలు అమాంతం పక్కకి ఎగిరింది. చేతులతో మానుని కావిలించుకుని నిలువు మనిషి లోతు జారి, ఎలాగో ఆగాడు. గుండెల మీద తోలు లేచిపోయింది. నేల మీదికి వచ్చాక అసలు నొప్పి అది కాదని తెలిసింది. కుడి తొడ లోపలివైపు, బాగా పైన, గజ్జల దగ్గర, పాతగుడ్డ చిరిగినట్టు ఏదో చిరిగింది.

"బతికేవు బావా!" అన్నాడు సత్తిబాబు. అతనిదీ దింపు పనే. గంగరాజు కన్నా పదేళ్ళు చిన్న. ఇద్దరూ పన్నెండేళ్ళుగా జంటగా తోటలకి వెళుతున్నారు.

"ఏం కాలేదెహె. తొడ పట్టేసింది" అన్నాడు గంగరాజు.

మూడు వారాలు ఇంట్లో ఉన్నాడు. వేణ్ణీళ్ళ కాపడం పెట్టుకున్నాడు, నూనె రాసుకున్నాడు, మెడికల్ షాపులో ఇచ్చిన మాత్రలు మింగాడు. నాలుగో వారానికి నొప్పి లేకుండా నడిచాడు. సైకిలు తొక్కాడు. ఇంకేముంది, తగ్గిపోయిందనుకుని తోటకి వెళ్ళాడు.

మొదటి చెట్టు సగం దాకా ఎక్కాడు. అక్కడ కుడితొడ వణకడం మొదలెట్టింది. నొప్పి కాదు, వణుకు. మానుని బిగించి పట్టమంటే ఆ కాలు వినడం లేదు. ఇంకొక్క పట్టు పైకి వేద్దామని చూశాడు, కాలు జారబోయింది. ఎక్కలేడు, దిగలేడు. ముప్పై ఏళ్ళలో మొదటిసారి అతను చెట్టు మీద సాయం కోసం కేకేశాడు.

సత్తిబాబు కింది నుంచి ఎక్కి, గంగరాజు కుడిపాదం కింద తన భుజం పెట్టాడు. పాదం, భుజం, పాదం, భుజం. అలా ఇద్దరూ అడుగడుగే దిగారు. కిందికి వచ్చేసరికి తోట యజమాని రాజేంద్రప్రసాద్ గారు గట్టు మీద నిలబడి చూస్తున్నారు.

"గంగరాజూ, నువ్వు కొన్నాళ్ళు చెట్టెక్కొద్దు. మా తోటలోనే కాదు, ఎక్కడా ఎక్కొద్దు" అన్నారాయన.

"ఆయ్. అలాగేనండి" అన్నాడు గంగరాజు. తల ఎత్తలేదు.

ఆయన కోప్పడి ఉంటే బాగుండుననిపించింది. ఆయన భయపడ్డారు. తన గురించి ఎవరైనా భయపడడం అతనికి కొత్త.

*

అతని భార్య చిన్నతల్లి కొబ్బరి పీచు మిల్లులో పనిచేస్తుంది. సంగతంతా సత్తిబాబు నోట విని, ఒకరోజు సెలవు పెట్టి భర్తని బస్సెక్కించి అమలాపురం తీసుకువెళ్ళింది. ఆస్పత్రిలో ఎక్స్‌రే తీశారు. ఎముకకి ఏమీ కాలేదన్నారు, ఫిజియోథెరపీకి వెళ్ళమని ఒక చిన్న క్లినిక్ పేరు రాసి ఇచ్చారు. మేడ మీద రెండు గదులు. ఫిజియోథెరపిస్టు పేరు యామిని. ముప్పై ఏళ్ళుంటాయేమో. గంగరాజు ఆవిణ్ణి చూడగానే తలుపు దగ్గరే ఆగిపోయాడు.

"రండి గంగరాజు గారూ. ఎక్కడండీ నొప్పి?"

"మోకాలండి" అన్నాడు గంగరాజు.

యామిని మోకాలు వంచి చూసింది, చాపి చూసింది, చిప్పని అటూ ఇటూ కదిపింది. పది నిమిషాలు చూసింది. ఆవిడ నుదురు ముడుచుకుంది.

"మోకాలు చాలా బావుందండీ మీకు. పాతికేళ్ళ కుర్రాడి మోకాల్లా ఉంది. నొప్పి సరిగ్గా ఎక్కడ వస్తుందో వేలు పెట్టి చూపించండి."

గంగరాజు గోడ మీది క్యాలెండరు చూస్తున్నాడు.

చిన్నతల్లి ఇక ఉండలేకపోయింది. "మోకాలు కాదమ్మా. గజ్జల్లోనండి. ఆడపిల్లకి ఎలా చెప్పేదని సిగ్గుపడిపోతన్నారు. నెల్లాళ్ళ బట్టి నాకే సరిగా చెప్పలేదండి ఈయన."

యామిని నవ్వలేదు. గంగరాజుకి అది నచ్చింది. "నిన్న ఒక లారీ డ్రైవరు గారికీ అక్కడేనండీ. వాలీబాల్ ఆడే అమ్మాయికీ అక్కడే. తొడకి లోపలివైపు కండలుంటాయి, రెండు కాళ్ళనీ దగ్గరికి లాగేవి. మీకు చిరిగింది వాటిల్లో ఒకటి. పడుకోండి."

వెల్లకిలా పడుకోబెట్టి మోకాళ్ళు ముడిపించింది. మోకాళ్ళ మధ్య తన పిడికిలి పెట్టి, "నొక్కండి" అంది. గంగరాజు నొక్కాడు. ఎడమవైపు బలం తెలిసింది. కుడివైపు సలుపు వచ్చి కాలు ఆగిపోయింది. తర్వాత పక్కకి తిరిగి పడుకుని పైకాలు ఎత్తమంది. ఎత్తిన కాలి మీద చెయ్యి ఆనించి, "నేను కిందికి తోస్తాను, మీరు ఆపండి" అంది. ఎడమకాలు ఆపాడు. కుడికాలు ఎత్తినప్పుడు ఆవిడ రెండు వేళ్ళతో తోసింది. కాలు పడిపోయింది.

గంగరాజు లేచి కూర్చున్నాడు. "ఇంకోసారి తొయ్యండమ్మా."

ఇంకోసారీ పడిపోయింది.

రోజుకి నలభై చెట్లు ఎక్కిన కాలు. వంద కాయల బస్తాని భుజాన వేసుకుని గట్టు దాటిన కాలు. రెండు వేళ్ళకి ఆగలేదు.

"చిరుగు మానిందండీ," అంది యామిని. "మూడు వారాలు పడుకున్నారు కదా, మానింది. కానీ పడుకుంటే బలం రాదు, ఉన్నదీ పోతుంది. తొడ లోపలి కండలు చెట్టుని పట్టుకుంటాయి. తుంటి పక్కనుండే కండలు నడుం ఒరిగిపోకుండా చూస్తాయి. రెండూ నీరసపడ్డాయి మీకు. వ్యాయామం చేస్తే వస్తాయి. మూడు నెలలు."

"మూడు నెలలా!"

"ఆయ్, మూడు నెలలు" అంది యామిని. ఆవిడదీ ఆ వైపే, కొత్తపేట.

మొదటి నెలకి నాలుగు వ్యాయామాలు చూపించింది. మోకాళ్ళ మధ్య దిండు పెట్టుకుని ఐదు లెక్కపెట్టేదాకా నొక్కడం. వెల్లకిలా పడుకుని, అదే దిండు నొక్కుతూ, నడుం పైకెత్తడం. పక్కకి పడుకుని పైకాలు ఎత్తడం. పైకాలు ముందుకు మడిచి పెట్టుకుని కిందికాలు ఎత్తడం. ఒక్కోటి పదిసార్లు, ఉదయం, సాయంత్రం.

మెట్లు దిగుతూ గంగరాజు అన్నాడు. "దిండు నొక్కమంటంది. ముప్పై ఏళ్ళు చెట్లెక్కినోణ్ణి, దిండు నొక్కాలంట."

"ఆ దిండే నొక్కలేకపోయేవు కదా" అంది చిన్నతల్లి.

*

కాలవ గట్టు మీద వాళ్ళది రెండు గదుల ఇల్లు. సాయంత్రమైతే గట్టు మీద మనుషులు తిరుగుతూనే ఉంటారు. గంగరాజు తలుపు వేసుకుని చాప పరుచుకునేవాడు. మొదటి మూడు రోజులు లెక్క తనే పెట్టుకున్నాడు. నాలుగో రోజు చిన్నతల్లి వంటింట్లోంచి, "నువ్వు ఆరు తర్వాత తొమ్మిది అంటన్నావు" అంది.

"అనలేదు."

"అన్నావు. నేను విన్నాను."

ఆ రోజు నుంచి చిన్నతల్లే పక్కన కూర్చుని లెక్కపెట్టింది. ఊరికే కూర్చోవడం ఆమెకి చేతకాదు. పీచు మిల్లులో రోజంతా నిలబడే పని. చాలాకాలంగా ఆమెకి ఎడమ తుంటిలో పీకుడు ఉంది, ఎవరికీ చెప్పలేదు. ఆ సాయంత్రం ఇంకో చాప వేసుకుని తనూ పక్కకి పడుకుని కాలెత్తింది. పదిహేనుసార్లు ఎత్తింది. గంగరాజు ఏడు దగ్గర వణుకుతున్నాడు.

"నీదేం దెబ్బ తగిలిన కాలు కాదు కదా" అన్నాడు.

"అయితే ఎడంకాలు ఎత్తి చూపించు, ఎన్నిసార్లు ఎత్తుతావో."

ఎడమకాలూ పన్నెండు దగ్గర ఆగింది. గంగరాజు తల చాపకి ఆనించి నవ్వేశాడు. చెట్టు మీంచి దిగిన ఆ రోజు తర్వాత అతను నవ్వడం చిన్నతల్లి చూడడం అదే మొదటిసారి.

రెండు వారాలకి దిండు నొక్కితే సలుపు రావడం మానేసింది. గంగరాజుకి ఆశ పుట్టింది. పదిసార్లకి ఇంత వస్తే వందసార్లకి ఎంత వస్తుందనుకున్నాడు. చిన్నతల్లి మిల్లుకి వెళ్ళాక, ఒక్కడే పగలంతా చేశాడు. నూరుసార్లు నొక్కాడు, నూరుసార్లు ఎత్తాడు. మర్నాడు మంచం దిగడానికి తొడని రెండు చేతులతో ఎత్తుకోవాల్సి వచ్చింది.

"ఎన్ని చేసేరు?" అంది యామిని ఫోన్లో.

"కొంచెం ఎక్కువేనండి."

"కొంచెమంటే?"

"నూరండి."

"గంగరాజు గారూ, చెట్టుకి ఏడాది ఎరువు ఒక్కరోజే వేసేస్తారా?"

"వెయ్యమండి. మొవ్వు మాడిపోద్ది."

"మరి?"

వారం రోజులు వెనక్కి వెళ్ళాల్సి వచ్చింది. ఆ వారం గంగరాజు ఎవరితోనూ సరిగా మాట్లాడలేదు. చిన్నతల్లి ఎన్ని లెక్కపెడితే అన్నే చేశాడు.

*

అక్టోబరులో రాజేంద్రప్రసాద్ గారు కబురు చేశారు. చెట్టెక్కొద్దు గానీ, కాయ ఏరడానికి రమ్మన్నారు. కింద పడిన కాయల్ని ఏరి రాశి పోసే పని. గంగరాజు ఆ పని ఎప్పుడూ చెయ్యలేదు. వెళ్ళనని చిన్నతల్లితో అన్నాడు. ఇంట్లో కూర్చుంటే పిచ్చెక్కుతోందని రెండు రోజుల తర్వాత వెళ్ళాడు.

ముప్పై ఏళ్ళూ పైనుంచి కిందికి చూసినవాడు ఇప్పుడు కింద నిలబడి పైకి చూశాడు. సత్తిబాబు ఎక్కుతున్నాడు. వేగంగా ఎక్కుతాడు, చూడ్డానికి బాగుంటుంది. కానీ గంగరాజు చూపు నడుం దగ్గర ఆగింది. ఎడమకాలు తీసి పైకి వేసిన ప్రతిసారీ సత్తిబాబు నడుం ఎడమవైపుకి దిగిపోతోంది. కుడితొడ ఒక్కటే మానుని పట్టుకుని ఉంటోంది. పదో చెట్టుకి కొంచెం, ఇరవయ్యో చెట్టుకి బాగా.

మధ్యాహ్నం అన్నాల దగ్గర గంగరాజు ఆ మాట చెప్పాడు. "నీ నడుం ఒక పక్కకి ఒరుగుతంది సత్తిబాబూ. నాకూ అలాగే ఒరిగేదేమో, ఎవరూ చూళ్ళేదు. నువ్వూ ఆ ఎక్సర్‌సైజులు చెయ్యి."

"నన్నూ దిండు నొక్కమంటావేంటి బావా?" సత్తిబాబు పక్కవాళ్ళని చూసి నవ్వాడు. వాళ్ళూ నవ్వారు. అప్పటికే ఆ దిండు సంగతి ఊరంతా తెలుసు. ఎవరు చెప్పారో గంగరాజు అడగలేదు. పీచు మిల్లులో ఆడవాళ్ళు నలుగురు ఇప్పుడు పని మొదలెట్టేముందు గోడ పట్టుకుని కాళ్ళు పక్కకి ఎత్తుతున్నారని విన్నాడు. అదీ అడగలేదు.

"నవ్వితే నవ్వు. నాకు భుజం ఇవ్వడానికి నువ్వున్నావు. నువ్వు పైన ఆగిపోతే కింది నుంచి నేను ఎక్కలేను ఇప్పుడు. అందుకు చెప్పేను" అన్నాడు గంగరాజు.

సత్తిబాబు నవ్వు ఆగింది. అన్నం కలుపుకుంటూ కూర్చున్నాడు. ఆ వారంలోనే ఒక సాయంత్రం, ఏదో పనున్నట్టు గంగరాజు ఇంటికి వచ్చి, చాప ఎక్కడుందని అడిగాడు. మూడో చాప లేదు. చిన్నతల్లి తన చాప ఇచ్చేసి, దుప్పటి పరుచుకుంది.

రెండో నెల వ్యాయామాలు కష్టమయ్యాయి. చీలమండలకి రబ్బరు పట్టీ తగిలించుకుని పక్కకి అడుగులు వెయ్యడం. కాలు దూరంగా వేసి ఒక మోకాలు వంచి, మళ్ళీ లేవడం. అన్నిటికన్నా కష్టమైంది ముక్కాలిపీట మీద చేసేది. పక్కకి పడుకుని, మోచెయ్యి నేలకి ఆనించి, పైకాలు పీట మీద పెట్టి, ఆ కాలి బలం మీదే ఒళ్ళంతా గాల్లోకి లేపి ఆపాలి. మొదటిరోజు గంగరాజు మూడు లెక్కపెట్టేలోపు పడ్డాడు. సత్తిబాబు ఐదుకి పడ్డాడు. "కుడికాలు మీద ఇరవై ఆగాలి, నొప్పి ఉండకూడదు. అప్పుడే చెట్టు" అని యామిని చెప్పింది.

నవంబరు రెండో వారానికి గంగరాజు పన్నెండు దాకా వచ్చాడు.

అప్పుడే రాజేంద్రప్రసాద్ గారు స్వయంగా ఇంటికి వచ్చారు. పై రాష్ట్రానికి వెళ్ళే లారీ ఎల్లుండికి వస్తోంది. దింపు వాళ్ళలో ఒకడు గల్ఫ్ వెళ్ళిపోయాడు, ఇంకొకడికి జ్వరం.

"నడక బావుందిరా నీది. ఎక్కగలవా? తక్కువ ఎత్తువే ఎక్కుదువుగాని."

"ఆయ్, వస్తానండి" అన్నాడు గంగరాజు. ఆ మాట నోట్లోంచి దానంతటదే వచ్చేసింది.

మర్నాడు పొద్దున్నే తోటలో పాదాలకి తాడు తగిలించుకున్నాడు. ఎక్కాడు. ఒక పట్టు, రెండు, ఐదు. ఒళ్ళంతటికీ ప్రాణం వచ్చినట్టైంది. మాను వాసన, అరచేతులకి గరుకు, తలమీద మట్టల చప్పుడు. వణుకు లేదు. ఇంకో రెండు పట్లు వేశాడు. అక్కడ, ఎడమకాలు తీసినప్పుడు, కుడితొడ పట్టుకుంది గానీ కొంచెం ఆలస్యంగా పట్టుకుంది. కింద ఉన్నవాళ్ళకి తెలిసేంత కాదు. మూడు నెలల కిందటైతే అతనికీ తెలిసేది కాదు. ఇప్పుడు ఆ కండ ఎక్కడుందో, ఎప్పుడు పట్టాలో, రెండు నెలలుగా రోజుకి రెండుపూటలా దాన్నే చూసుకుంటున్నాడు కాబట్టి తెలిసింది.

ఆగాడు. పైన నాలుగు గెలలున్నాయి. ఎక్కితే ఎక్కగలడు. ఈ చెట్టూ ఎక్కగలడు, ఇంకో పదీ ఎక్కగలడేమో. ఆ తర్వాతది తెలియదు.

దిగాడు. తనంతట తనే దిగాడు.

"ఇంకా రాలేదండి" అన్నాడు రాజేంద్రప్రసాద్ గారితో. "ఇంకో నెల పట్టుద్దండి."

"సగం దాకా బానే ఎక్కేవు కదరా!"

"సగం దాకానేనండి."

ఆయన ముఖం చిట్లించుకుని ఫోను తీశారు. రాజోలు వైపు నుంచి ఇద్దరిని పిలిపించుకున్నారు. గంగరాజు ఆ రోజంతా వాళ్ళు దింపిన కాయలే ఏరాడు. ఇన్నేళ్ళలో ఒక తోట యజమానికి కాదని చెప్పడం అతనికి అదే మొదలు. ఒంట్లో బలం లేక కాదు, ఉన్న బలం ఎంతో తెలిసి చెప్పాడు. అయినా సిగ్గుగానే ఉంది. ఇంటికి వెళ్ళి చిన్నతల్లికి జరిగింది జరిగినట్టు చెప్పాడు.

ఆమె పని ఆపలేదు. బియ్యం కడుగుతూ వీపు అటు తిప్పి ఉంది. "వెళ్తున్నట్టు నాకు చెప్పలేదు" అంది.

"చెబితే వద్దంటావని."

"అననా మరి?" కళ్ళు తుడుచుకుంది. "సరే, దిగేవు కదా. రా, పీట వేస్తాను."

*

డిసెంబరు మూడో వారంలో యామిని మళ్ళీ పిడికిలి పెట్టి నొక్కించింది. "చాలండీ, చాలు, నా చెయ్యి!" అంది. పక్కకి పడుకోబెట్టి కుడికాలు తోసింది. రెండు వేళ్ళతో కాదు, రెండు చేతులతో. ఆ తర్వాత ఒరిగి మొత్తం బరువుతో. కాలు కదల్లేదు. పీట మీద ఇరవై ఆరు లెక్కపెట్టింది.

"అసలు ఎలా ఎక్కుతారో నేనెప్పుడూ దగ్గర్నుంచి చూళ్ళేదండీ" అంది. కొత్తపేటలో పుట్టి పెరిగిన మనిషి. గంగరాజు కూర్చున్నచోటే పాదాలు కలిపి, మోకాళ్ళు విప్పి, తొడలు ఎలా బిగిస్తాడో చూపించాడు. గజ్జల దగ్గర చెయ్యి పెట్టి, "ఇదిగోండమ్మా, పట్టు ఇక్కడుంటాది" అన్నాడు. చిన్నతల్లి పక్కకి తిరిగి నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది.

యామిని కాగితం మీద రాసిచ్చింది. మొదటి రెండు వారాలు రోజు విడిచి రోజు. రోజుకి ఐదారు చెట్లు. మాను తడిగా ఉంటే ఎక్కకూడదు. ఎక్కేముందు పది నిమిషాలు కాళ్ళు ఆడించుకోవాలి. వారానికి రెండుసార్లు వ్యాయామం, ఈ పని చేసినన్నాళ్ళూ.

"ఈ పని చేసినన్నాళ్ళూనా?" అన్నాడు గంగరాజు.

"కత్తి రోజూ నూరుకోరా ఏంటండీ?"

ఆ సోమవారం పొద్దున, మంచు విడిచి మాన్లు ఆరేదాకా ఆగి, గంగరాజు తోటలోకి వెళ్ళాడు. చిన్నతల్లి మిల్లుకి వెళ్ళకుండా వెంట వచ్చింది. సత్తిబాబు, అతనూ పాదు పక్కన నిలబడి, కాళ్ళు దూరంగా వేసి, ఒకసారి ఈ మోకాలూ ఒకసారి ఆ మోకాలూ వంచుతుంటే, కాయ ఏరే ఆడవాళ్ళు చూసి నవ్వుకున్నారు. ఈసారి సత్తిబాబు వాళ్ళతో, "మీరూ రండి" అన్నాడు.

గంగరాజు ఎక్కాడు. తొందరపడలేదు. కుడితొడ అడిగినప్పుడల్లా పట్టుకుంది. పైకి చేరాక మట్టల మధ్య సర్దుకుని, ఎండుమట్టలు రెండు లాగి పారేసి, మొదటి గెల కోశాడు. కాయలు దబదబా పడ్డాయి. దూరంగా కాలవ మీద ఎండ పడుతోంది. చూస్తూ కూర్చోలేదు, రెండో గెల కోశాడు.

దిగేటప్పుడు భయం వేసింది. ఆగస్టులో జారింది దిగేటప్పుడే. మొదటి పట్టుకి కాలు కిందికి వెయ్యడానికి ముందు అతను రెండుసార్లు ఊపిరి తీసుకున్నాడు. తర్వాత పాదం వేశాడు, తొడ బిగించాడు, ఇంకో పాదం. అలా నేల దాకా. చిన్నతల్లి మాను దగ్గరికి వచ్చి అతని కుడికాలు వంక చూసింది. వణకడం లేదు.

"ఎలా ఉంది?"

"బానే ఉంది" అన్నాడు గంగరాజు. "నువ్వు కొంచెం పక్కకి జరుగు, తల మీద కాయ పడద్ది."

ఆ పూట ఐదు చెట్లు ఎక్కాడు. ఐదో చెట్టు దిగాక తాడు విప్పి సత్తిబాబు చేతికిచ్చి, రాశి దగ్గరికి వెళ్ళి కాయలు ఏరడం మొదలెట్టాడు.